ఒక మదర్సా, రెండు తాళాలు

షవ్వాలు నెలలో పండుగ సందడి ముగిసిన వారం పది రోజులకు మా పడమటి మండలాల బస్టాండులలో ఏటా ఒకే దృశ్యం కనిపిస్తుంది. తెల్ల టోపీలు, రేకు పెట్టెలు, తాడుతో కట్టిన పడక గుడ్డలు, పిల్లవాని చేయి వదలని తండ్రులు. సీతారామపురం నుండి, మర్రిపాడు నుండి, వింజమూరు నుండి వచ్చిన పిల్లలు రంజాన్ సెలవులు ముగించుకొని తమ మదర్సాలకు తిరిగి చేరుకొనే రోజులవి.

పదిహేనేండ్లకు పైబడిన మాట. ఉదయగిరి, ఆత్మకూరుల నడుమ నేను ఉస్తాదుగా పనిచేస్తున్న ఒక చిన్న మదర్సాకు అటువంటి ఉదయాన వెళ్ళేసరికి గేటుకు రెండు తాళాలు వేలాడుతున్నాయి. ఒకటి వ్యవస్థాపకుని కుమారులు వేసినది. రెండవది జమాఅత్ పెద్దలు వేసినది. వేపచెట్టు క్రింద ముప్పై ఎనిమిది మంది పిల్లలు తమ పెట్టెలపై కూర్చుని ఉన్నారు. గేటు తెరుచుకోవాలంటే ఇరుపక్షాలూ రావాలి. ఒకరు వస్తే రెండవవారు రామంటున్నారు. ఆ దినం జుహర్ నమాజును మేము రోడ్డు ప్రక్కనే, ఎవరి అనుమతీ అవసరంలేని నేల మీద చేసుకున్నాము. అస్ర్ వేళకు తండ్రులు ఒక్కొక్కరే పిల్లలను వెంటబెట్టుకొని తిరుగు బస్సు ఎక్కారు.

ఆ మదర్సా పేరుగాని, ఆ పెద్దల పేర్లుగాని ఇక్కడ వ్రాయను. వారిలో కొందరు అల్లాహ్ సన్నిధికి చేరుకున్నారు. మిగిలినవారు నేటికీ నాకు సలాము చేసేవారే. కాని ఆ తగాదా ఎట్లా పుట్టిందో, ఎందుకు అన్నేండ్లు సాగిందో చెప్పడం అవసరమనిపించింది. ఎందుకంటే అటువంటి తాళాలు పడడానికి సిద్ధంగా ఉన్న గేట్లు మన చుట్టూ ఇంకా చాలా ఉన్నాయి.

వ్యవస్థాపకుడు కలప వ్యాపారి, దీనుపై ప్రేమగల మనిషి. ఒక జుమా నమాజు తరువాత మస్జిదులో నిలబడి, రోడ్డు ప్రక్కనున్న తన రెండెకరాల నేలను మదర్సా కోసం అల్లాహ్ మార్గంలో ఇచ్చివేస్తున్నానని ప్రకటించాడు. జమాఅత్ అంతా ఆమీన్ అన్నది. కాగితం వ్రాయలేదు. ఆయన మాటే కాగితమని అందరూ అనుకున్నారు. పట్టాదారు పాసుపుస్తకంలో నేల ఆయన పేరు మీదనే ఉండిపోయింది. గదులు మాత్రం ఆయన సొమ్ముతో కట్టినవి కావు. ఉదయగిరిలో కొయ్య చెంచాలు చెక్కే ఇళ్ళ నుండి, ఆత్మకూరు బజారు అంగళ్ళ నుండి, గల్ఫుకు వెళ్ళిన కుర్రవాళ్ళ నుండి వచ్చిన చందాలతో లేచినవి. చందా రసీదులకు రిజిస్ట్రేషను నంబరు ఉంటే బాగుంటుందని ఎవరో సలహా ఇస్తే, ఏడుగురి పేర్లతో ఒక సొసైటీని నమోదు చేయించారు. ఆ తరువాత ఏటా రిజిస్ట్రారుకు పంపవలసిన సభ్యుల జాబితాను ఎవరూ పంపలేదు. ఏడుగురిలో నలుగురు చనిపోయినా కాగితం మీద బ్రతికే ఉన్నారు.

ఆయన మరణించిన తరువాత కుమారులు ఇలా అన్నారు: "మా అబ్బా కట్టిన మదర్సా ఇది. మేమే నడుపుతాము." జమాఅత్ పెద్దల జవాబు ఇది: "మీ అబ్బా అల్లాహ్‌కు ఇచ్చినారు, మీకు కాదు." ఈ రెండు మాటలలోనూ కొంత సత్యం ఉన్నది. తగాదాకు అంత బలం రావడానికి కారణం కూడా అదే. పూర్తిగా అబద్ధం చెప్పేవాడు త్వరగా అలసిపోతాడు. సగం నిజం చేతిలో ఉన్నవాడు హైకోర్టు దాకా వెళ్తాడు.

జమాఅత్ తరఫున కోర్టులో ఇంజంక్షను దావా వేశారు. కుమారులు ఎదురు వాంగ్మూలం దాఖలు చేస్తూ, ఇది రిజిష్టరైన సొసైటీ, సొసైటీలో తగాదా వస్తే జిల్లా కోర్టుకు పోవాలి అన్నారు. 2001 నాటి ఆంధ్రప్రదేశ్ సొసైటీల రిజిస్ట్రేషను చట్టం 23వ సెక్షను నిజంగానే అట్లా చెబుతున్నది: సభ్యుల నడుమ వివాదం వస్తే మధ్యవర్తిత్వ చట్టం ప్రకారం పోవచ్చు, లేదా జిల్లా కోర్టులో దరఖాస్తు పెట్టుకోవచ్చు. దానికి జమాఅత్ వకీలు, నేల వక్ఫ్ కాబట్టి సొసైటీ మాట చెల్లదని వాదించాడు. ఎదుటి వకీలు వెంటనే ఆ మాటనే పట్టుకున్నాడు. వక్ఫ్ అయితే 1995 నాటి వక్ఫ్ చట్టం 85వ సెక్షను ప్రకారం సివిలు కోర్టుకు అధికారమే లేదు, 83వ సెక్షను క్రింద ట్రిబ్యునలుకు పోవలసిందే అన్నాడు. అప్పట్లో వక్ఫ్ ట్రిబ్యునల్ హైదరాబాదులో ఉండేది. మావారికి నెల్లూరు వెళ్ళిరావడమే ఒక దినం పని.

ఈ విధంగా పిల్లలకు ఎవరు పాఠం చెప్పాలి, వంట ఎవరు చేయించాలి అనే ప్రశ్నను ఎవరూ అడగనే లేదు. ఏ కోర్టు వినాలి అనే ప్రశ్న మీదనే మూడేండ్లు గడిచాయి. న్యాయమూర్తులను నేను తప్పుపట్టను. ఒక సంస్థ ముందు నిలబడి, తాను వక్ఫో, సొసైటీయో, ట్రస్టో తానే చెప్పలేకపోతే వారు మాత్రం ఏమి చేయగలరు?

అసలు మన మదర్సాలు చట్టం దృష్టిలో మూడు రూపాలలో కనిపిస్తాయి. నేలనో, ఆస్తినో అల్లాహ్ పేర శాశ్వతంగా అంకితం చేస్తే అది వక్ఫ్. దానికి ముతవల్లీ ఉంటాడు, పైన వక్ఫ్ బోర్డు ఉంటుంది. కొందరు సభ్యులు కలిసి నిబంధనలు వ్రాసుకొని నమోదు చేసుకుంటే అది సొసైటీ. దానికి కార్యవర్గం, ఎన్నిక, సర్వసభ్య సమావేశం ఉంటాయి. ట్రస్టు డీడు వ్రాసి రిజిష్టరు చేయిస్తే అది ట్రస్టు. ధర్మకర్తలను ఎట్లా నియమించాలో ఆ డీడే చెబుతుంది. మూడింటిలో ఏది ఎంచుకున్నా దోషం లేదు. మనవాళ్ళు చేసే పొరపాటు ఏమిటంటే, నేలను వక్ఫ్‌గా నోటితో ప్రకటించి, రసీదులను సొసైటీ పేర అచ్చువేయించి, బ్యాంకు ఖాతాను నాజిమ్ సాహెబు స్వంత పేర తెరుస్తారు. మనుషులు కలిసి ఉన్నంతకాలం ఏ ఇబ్బందీ రాదు. విడిపోయిన నాడు ఎవరికి అనుకూలమైన కాగితాన్ని వారు బయటికి తీస్తారు.

మా ప్రాంతంలో ఈ చిక్కుకు మరొక పొర ఉన్నది, అది పాతది. ఉదయగిరి కొండ మీది మస్జిదులు గోల్కొండ సుల్తానుల కాలం నాటివి. ఆర్కాటు నవాబుల హయాంలో ఉదయగిరి ఒక జాగీరు. 1839లో కర్నూలు నవాబు గులాం రసూల్ ఖాన్ మీద ఆంగ్లేయులకు అనుమానం కలిగిన రోజులలోనే ఉదయగిరి జాగీర్దారు అబ్బాస్ అలీ ఖాన్ కూడా ఆ అనుమానానికి గురై జాగీరు పోగొట్టుకున్నాడు. ఆత్మకూరుకు దగ్గరి ఎ.ఎస్. పేటను మన పెద్దలు రహ్మతాబాద్ అంటారు. పద్దెనిమిదవ శతాబ్దపు విద్వాంసులు ఖాజా రహ్మతుల్లా నాయబ్ రసూల్ గారి పేరుతో వచ్చిన పేరది. నేడు మనం చూసే బోర్డులు తగిలించిన మదర్సాలు పుట్టకముందు ఇటువంటి దర్గాల, మస్జిదుల వరండాలలోనే పిల్లలు అలిఫ్ బే నేర్చుకున్నారు. ఆ చదువు చెప్పేవారికి, ఖతీబులకు, ఖాజీలకు పూర్వ ప్రభువులు నేలలు ఇనాముగా ఇచ్చారు. 1858లో మద్రాసు ప్రభుత్వం ఇనాం కమిషనును నియమించి, ప్రతి ఇనామును విచారించి రిజిష్టర్లలో ఎక్కించింది. ఐ.ఎఫ్.ఆర్. అని కోర్టులలో వినపడే మాట ఆ రిజిష్టరుదే. మీ ఊరి మస్జిదు నేల ఎవరిది అన్న ప్రశ్నకు చాలాసార్లు ఆఖరి జవాబు ఆ పాత పుటలలోనే దొరుకుతుంది.

తరువాత 1956లో ఆంధ్ర ప్రాంతపు ఇనాముల రద్దు చట్టం వచ్చింది. అనేకచోట్ల సేవ చేస్తున్న కుటుంబాల వారు రైతువారీ పట్టాలు తెచ్చుకున్నారు. తాత ఖతీబుగా సేవ చేసి అనుభవించిన నేలను మనుమడు తన స్వంత ఆస్తిగా భావించసాగాడు, కొందరు అమ్ముకున్నారు కూడా. ఈ విషయంలో సయ్యద్ అలీ వర్సెస్ ఆంధ్రప్రదేశ్ వక్ఫ్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు 1998లో స్పష్టమైన తీర్పు ఇచ్చింది. ఒకసారి వక్ఫ్ అయినది ఎప్పటికీ వక్ఫే. ఇనాముల చట్టం క్రింద ఎవరి పేరనో పట్టా వచ్చినంత మాత్రాన పూర్వపు అంకితం రద్దు కాదు. మన రాష్ట్రం నుండి వెళ్ళిన కేసు అది. ఇనాము ఆదాయంతో నడిచే మక్తబులకు, మదర్సాలకు ఈ తీర్పు పెద్ద అండ.

ముతవల్లీ యజమాని కాడు, నిర్వాహకుడు మాత్రమే అన్న సూత్రం ఇంకా ముందటిది. 1921లో విద్యావారుథి తీర్థ కేసులో, అది మద్రాసు ప్రెసిడెన్సీ నుండి పోయిన ఒక మఠానికి సంబంధించిన కేసు, ప్రివీ కౌన్సిల్ ఈ మాట చెప్పింది. ఆస్తి మఠాధిపతికీ చెందదు, ముతవల్లీకీ చెందదు. మఠం కేసులో మన ముతవల్లీ ప్రస్తావన రావడం చూసి నేను మొదట ఆశ్చర్యపడ్డాను. అయితే నమ్మి అప్పగించిన ఆస్తిని వారసత్వంగా మార్చుకోవాలనే ఆశ ఏ ఒక్క సమాజానికో పరిమితం కాదు కదా!

మన ఫిఖహ్‌లో దీనికి ఎంతో ముందే సమాధానం ఉన్నది. హజ్రత్ ఉమర్ (రజి) గారికి ఖైబర్‌లో ఒక శ్రేష్ఠమైన నేల లభించినప్పుడు, దానిని ఏమి చేయాలని దైవప్రవక్త (స) వారిని సలహా అడిగారు. మూలాన్ని నిలిపి ఫలాన్ని దానం చేయమని వారు సలహా ఇచ్చారు. ఆ నేల అమ్మబడదు, బహూకరించబడదు, వారసత్వంగా పంచబడదు అనే షరతుతో అది వక్ఫ్ అయినది. దాని బాధ్యత చూసేవాడు న్యాయమైన రీతిలో తినవచ్చు, కూడబెట్టుకోరాదు. వేలూరులో చదువుకొనే రోజులలో ఈ హదీసును మేము కంఠస్థం చేశాము. తగాదా ఎదుట నిలబడ్డ నాడు మాత్రమే దాని బరువు నాకు తెలిసింది.

మా వివాదంలో కుమారుల తరఫున ఒక ఆలిమ్ సాహెబు ఇమామ్ అబూ యూసుఫ్ (రహ్) గారి అభిప్రాయాన్ని ప్రస్తావించారు. వాఖిఫ్, అంటే వక్ఫ్ చేసినవాడు, తౌలియత్‌ను తన చేతిలోనే ఉంచుకోవచ్చు అన్నది ఆ అభిప్రాయం. అది నిజమే. కాని ఆ సంభాషణను అక్కడే ఆపకూడదు. అదే ఇమామ్ గారి మతం ప్రకారం నోటితో ప్రకటించగానే వక్ఫ్ పూర్తవుతుంది. ముతవల్లీకి స్వాధీనం చేయవలసిన అవసరం కూడా లేదు. స్వాధీనం కావాలని షరతు పెట్టినవారు ఇమామ్ ముహమ్మద్ (రహ్). కాబట్టి అబూ యూసుఫ్ గారిని సాక్ష్యానికి పిలిస్తే, ఆ జుమా నాటి ప్రకటనతోనే నేల కుటుంబం చేయి దాటిపోయిందని ఒప్పుకోవలసి వస్తుంది. పైగా, ముతవల్లీ ఖియానతు చేస్తే అతనిని ఖాజీ తొలగించాలనీ, వాఖిఫే అయినా నమ్మదగనివాడైతే వక్ఫ్‌ను అతని చేతి నుండి తీసుకోవాలనీ హనఫీ గ్రంథాలు, హిదాయాతో సహా, చెబుతున్నాయి. తౌలియత్ ఎవరికి పోవాలో వాఖిఫ్ షరతు చెబుతుంది. అది ఫరాయెజ్ లెక్కలలో పంచే సొత్తు కాదు.

ఇక్కడ మన ఇళ్ళలోని స్త్రీలకు ఒక మాట. రంజాన్‌లో ఫిత్రా, జకాత్, బక్రీదులో ఖుర్బానీ చర్మాల సొమ్ము మీ చేతుల మీదుగానే మదర్సాలకు చేరుతుంది. జకాత్ చెల్లాలంటే అది హక్కుదారుడైన పేదవాని స్వాధీనం కావాలి. దానిని తమ్లీక్ అంటాము. మదర్సా ముహ్తమిమ్ మీ వకీలుగా ఆ సొమ్మును తీసుకొని పేద విద్యార్థికి చేరుస్తాడు. మరి రెండు కమిటీలు రెండు రసీదు పుస్తకాలతో వస్తే మీ వకీలు ఎవరు? మా తగాదా నడిచిన రెండవ రంజాన్‌లో సరిగ్గా అదే జరిగింది. ఒకే మదర్సా పేర ఆకుపచ్చ రసీదులు ఒకరివి, పసుపు రసీదులు మరొకరివి. బ్యాంకు ఖాతా నిలిపివేయబడి ఉన్నది. అప్పటికి పిల్లలు లేరు, వంటగది లేదు. ఆ జకాత్ ఎవరి స్వాధీనమైనట్లు? ఆత్మకూరులో ఒక వృద్ధురాలు నన్ను పిలిచి, "హజ్రత్, నా ఫిత్రా చెల్లిందా లేదా?" అని అడిగింది. నాకు వెంటనే జవాబు రాలేదు. పసుపు రసీదు ఇచ్చినవారిని కలిసి, ఆ సొమ్ము ఇంకా వారి వద్దనే ఉన్నదని తెలుసుకొని, దానిని ఆమె ఇంటి ప్రక్క వీధిలోని ఒక అనాథ కుటుంబానికి ఇప్పించిన తరువాతనే ఆమెకు మొహం చూపించగలిగాను.

ఇది మారుమూల గ్రామాల అజ్ఞానం అనుకోవడానికి వీలులేదు. 1866లో స్థాపించబడిన దారుల్ ఉలూమ్ దేవ్‌బంద్‌కు మౌలానా ఖాసిమ్ నానౌత్వీ (రహ్) ఎనిమిది సూత్రాలు వ్రాసిపెట్టారు. సంప్రదింపులతో నడవడం, సామాన్యుల చందాపై ఆధారపడడం వాటిలో ముఖ్యమైనవి. అంతటి సంస్థలోనే 1980లో శతాబ్ది సభ ముగిసిన తరువాత మజ్లిసె షూరాకు, దాదాపు అర్ధ శతాబ్దంగా ముహ్తమిమ్‌గా ఉన్న ఖారీ ముహమ్మద్ తయ్యిబ్ (రహ్) గారి పక్షానికి నడుమ విభేదాలు పెరిగాయి. 1982లో సంస్థ చీలిపోయి, దారుల్ ఉలూమ్ వక్ఫ్ పేర మరొకటి ఏర్పడింది. వ్యాజ్యాలు ఏండ్ల తరబడి నడిచాయి. సహారన్‌పూర్‌లోని మజాహిరె ఉలూమ్ కూడా అదే దశకంలో రెండైనది. అక్కడి తగాదాలో ప్రధాన ప్రశ్న, సంస్థను సొసైటీగా నమోదు చేయవచ్చునా, లేక అది వక్ఫ్‌గానే ఉండాలా అన్నది. మా రెండెకరాల తగాదా కూడా అదే ప్రశ్న! ఆ రెండు పక్షాలలోనూ మహానుభావులు ఉన్నారు. ఎవరి పక్షమో వహించడం నా వంటివాని పని కాదు. నేడు ఆ చీలిన సంస్థలన్నింటిలోనూ చదువు సాగుతున్నది, అల్‌హందులిల్లాహ్. అయితే చీలి బ్రతకగల బలం వాటికున్నది. ముప్పై ఎనిమిది మంది పిల్లల మదర్సా చీలితే రెండు మదర్సాలు కావు, ఒక్కటీ మిగలదు.

హైదరాబాదు నుండి మరొక ఉదాహరణ ఉన్నది. రచయిత్రి సుగ్రా హుమాయూన్ మీర్జా 1934లో బాలికల కోసం మదర్సా సఫ్దరియా స్థాపించారు. ఆమె పేరనున్న వక్ఫ్‌కూ ఒక కిరాయిదారుకూ నడుమ ఖాళీ చేయించే విషయమై వచ్చిన వివాదం సుప్రీంకోర్టుకు చేరింది. కిరాయిదారును ఖాళీ చేయించే దావా ట్రిబ్యునల్ వినదగినది కాదు, సివిలు కోర్టే వినాలి అని 2010లో తీర్పు వచ్చింది. 2013 సవరణలో పార్లమెంటు కిరాయిదారుల వ్యవహారాన్ని కూడా ట్రిబ్యునలుకు అప్పగించింది. గమనించండి, అక్కడ కూడా అంత దూరం నడిచిన వాదం ఏ తలుపు తట్టాలి అన్నదాని మీదనే. కాకపోతే ఆమె వక్ఫ్ కాగితాలలో ఉన్నది కాబట్టి వివాదం కిరాయిదారుతో ఆగింది, వక్ఫ్ ఉనికి దాకా రాలేదు.

ప్రభుత్వానికీ మదర్సా కమిటీకీ నడుమ వచ్చే వివాదాలు వేరు. రాజ్యాంగం 30వ అధికరణం మైనారిటీలకు విద్యాసంస్థలను స్థాపించి నిర్వహించుకొనే హక్కు ఇచ్చింది. పశ్చిమ బెంగాల్‌లో ప్రభుత్వ సాయం పొందే మదర్సాలకు ఉపాధ్యాయులను కమిషను ద్వారా ఎంపిక చేయాలన్న 2008 నాటి చట్టాన్ని కాంటాయి రహ్మానియా హై మదర్సా కమిటీ ప్రశ్నించగా, 2020 జనవరి 6న సుప్రీంకోర్టు చట్టాన్ని సమర్థించింది. ఉత్తరప్రదేశ్ మదర్సా చట్టాన్ని అలహాబాదు హైకోర్టు 2024 మార్చిలో కొట్టివేస్తే, అదే సంవత్సరం నవంబరు 5న సుప్రీంకోర్టు దానిని నిలబెట్టింది; కామిల్, ఫాజిల్ డిగ్రీల భాగాన్ని మాత్రం ఒప్పుకోలేదు. ఈ వార్తలను మనవారు ఆందోళనతో చదువుతారు, చదవవలసిందే. కాని నా అనుభవంలో మా ప్రాంతపు మదర్సాల తలుపులు మూసినది ఏ ప్రభుత్వమూ కాదు.

2025లో వచ్చిన వక్ఫ్ సవరణ చట్టం వలన ఇప్పుడు పరిస్థితి మరింత నిక్కచ్చి అయినది. ఆ చట్టంలోని పలు అంశాలపై మన సమాజానికి తీవ్రమైన అభ్యంతరాలున్నాయి. 2025 సెప్టెంబరు 15న సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వులో కొన్ని భాగాలను, వక్ఫ్ చేసేవాడు ఐదేండ్లు ఇస్లాంను ఆచరించినట్లు చూపాలన్న షరతుతో సహా, నిలిపివేసింది. నమోదు చేసుకోవాలన్న షరతును నిలిపివేయలేదు. ఆ చట్టం అమలులోకి వచ్చిన 2025 ఏప్రిల్ 8 తరువాత వ్రాతపూర్వకమైన వక్ఫ్ డీడు లేకుండా కొత్త వక్ఫ్ ఏర్పడదు. అంటే జుమా తరువాత నిలబడి నోటితో ఇచ్చే నేల, షరీఅత్ దృష్టిలో ఏమైనప్పటికీ, కోర్టులో ఇక నిలవదు. నమోదైన వక్ఫ్‌ల వివరాలను ఉమీద్ పోర్టల్‌లో ఎక్కించాలి. ట్రిబ్యునల్ తీర్పుపై 90 దినాలలో హైకోర్టుకు అప్పీలు చేసుకోవచ్చు. ట్రస్టు రూపంలో మరొక చట్టం క్రింద నడిచే సంస్థలకు వక్ఫ్ చట్టం వర్తించదని 2ఎ సెక్షనును చేర్చారు. ఈ సెక్షను ముందు ముందు ఎన్ని మదర్సాల కమిటీలను కోర్టుకు రప్పిస్తుందోనని నాకు భయంగా ఉన్నది. ఒక పక్షం వక్ఫ్ అంటే, రెండవ పక్షం ట్రస్టు అనడానికి ఇది సిద్ధంగా ఉన్న దారి.

వ్రాతను మన దీను ఎప్పుడూ తక్కువచేయలేదు. దివ్య ఖురాన్‌లో అన్నింటికంటె పెద్ద ఆయతు నమాజు గురించి కాదు, ఉపవాసం గురించి కాదు. అప్పు వ్యవహారాన్ని వ్రాసుకొని, సాక్షులను పెట్టుకోవడం గురించి. బఖరా సూరా 282వ ఆయతు అది. దానిని ప్రతి రంజాన్‌లో తరావీహ్‌లో చదువుతాము, వింటాము. పదిమంది ముందు లెక్క అడిగితే మాత్రం అపనమ్మకం అనుకొని నొచ్చుకుంటాము. ఈ దోషంలో నేనూ భాగస్థుణ్ణే. ఆ మదర్సాలో నేను ఏడేండ్లు పనిచేశాను. సొసైటీ జాబితా పంపారా అని ఒక్కసారి కూడా అడగలేదు. జీతం అందుతున్నది, పిల్లలు హిఫ్జ్ చేస్తున్నారు, చాలునని ఊరుకున్నాను.

మా తగాదా ఐదవ సంవత్సరంలో తీరింది. తీర్పు వలన కాదు. పెద్ద కుమారుడు జబ్బుపడి నెల్లూరు ఆసుపత్రిలో ఉన్నప్పుడు, జమాఅత్ తరఫున దావా వేసిన పెద్దమనిషి పలకరించడానికి వెళ్ళాడు. ఏమి మాట్లాడుకున్నారో నాకు తెలియదు. పది రోజుల తరువాత మస్జిదులో జుహర్ అయ్యాక రెండు పక్షాలూ కూర్చున్నాయి. ఇద్దరికీ చుట్టంకాని ఒక ఆలిమును బయటి ఊరి నుండి పిలిపించి హకమ్‌గా పెట్టుకున్నారు. కుటుంబానికి రెండు స్థానాలు, జమాఅత్‌కు నాలుగు, ఉస్తాదులకు ఒకటి, మూడేండ్లకొకసారి మార్పు, వంశపారంపర్య హక్కు లేదు, ఖాతా మీద ఇద్దరి సంతకాలు. రెండెకరాలకు వారసులందరూ, ఆడబిడ్డలతో సహా, సంతకాలు చేసి వక్ఫ్ డీడు వ్రాసి రిజిష్టరు చేయించారు. ఒక చెల్లెలు మొదట సంతకం చేయనన్నది. తనను ఐదేండ్లుగా ఎవరూ ఏమీ అడగలేదని ఆమె బాధ. ఆమె మాట న్యాయమే. తల్లి స్వయంగా వెళ్ళి ఆమెను తీసుకువచ్చింది. ఆ తరువాత రాజీ పత్రాన్ని కోర్టులో దాఖలు చేసి దావాను ముగించుకున్నారు, బోర్డులో నమోదుకు దరఖాస్తు పెట్టారు.

ఈ పద్ధతి అన్నిచోట్లా కుదురుతుందని నేను అనను. సొమ్ము తిన్నవాడు రాజీకి రాడు. అటువంటివాని విషయంలో 64వ సెక్షను క్రింద తొలగించమని బోర్డును కోరడమే మార్గం, దానికి మొహమాటపడకూడదు. వక్ఫ్ ఆస్తిలో ఒక గజమైనా వదులుకొనే రాజీకి ఎవరికీ అధికారం లేదు. అయితే మేము చూసిన తగాదాలలో దొంగలు తక్కువ. ఎక్కువమంది తమ తండ్రి పేరు కోసమో, తమ మాట కోసమో పట్టుబట్టినవారే. అటువంటివారి నడుమ మస్జిదు చాప మీద జరగగలిగిన పని కోర్టు వరండాలో జరగదు.

మదర్సా మళ్ళీ తెరిచిన షవ్వాలుకు పదకొండు మంది పిల్లలు వచ్చారు. మొదటి ముప్పై ఎనిమిది మందిలో తిరిగి వచ్చినవారు ముగ్గురే. కొందరు ఉమరాబాదుకు, నెల్లూరుకు చదువుకు వెళ్ళిపోయారని విన్నాను. పద్దెనిమిది పారాలు కంఠస్థం చేసిన ఒక కుర్రవాడు ఆత్మకూరు బస్టాండు దగ్గర మోటారు సైకిళ్ళ మెకానిక్కు షాపులో కుదురుకున్నాడు. ఇప్పుడు అతనికి స్వంత షాపు ఉన్నది, పెండ్లయి పిల్లలున్నారు. నా బండిని అక్కడికే తీసుకుపోతాను. పని చేస్తున్నంతసేపూ వెనుక పారాలు వల్లిస్తుంటాడు. పన్నెండవ పారా వరకు బాగానే వస్తుంది, ఆ తరువాత తడబడతాడు. పోయిన సంవత్సరం తన కొడుకును మా మదర్సాలో చేర్పించడానికి వచ్చినప్పుడు, ఫారం నింపే ముందు రిజిస్ట్రేషను కాగితం చూపించమని అడిగాడు. బీరువా తెరిచి డీడు నకలు అతని చేతికి ఇచ్చాను. నిలబడే మొత్తం చదివాడు.